గంట తీసేసిన ఇల్లు

లాండ్రీ, బాయిలర్ గది

పిన్నీ,

నువ్వు రాసి పంపిన చిన్న పుస్తకాలన్నీ పంచేశాను, అయిపోయాయి. ఇంకా పంపు. ఈసారి పెద్ద కట్ట పంపు.

నిన్న మా వీధి చివర హాల్లో సభ పెట్టారు. "మత్తును తరుముదాం" అని తెల్లగుడ్డ మీద రాసి కట్టారు. ఆ గుడ్డకి గంజి పెట్టి ఇస్త్రీ చేసింది నేనే, అదొక్కటే అక్కడ నిటారుగా నిలబడింది. రిటైరైన హెడ్మాస్టరు లేచి, "ఈ పాటల వల్లే కుర్రాళ్ళు పాడైపోతున్నారు, ముందీ క్యాసెట్లు తగలెయ్యాలి" అన్నాడు. అందరూ చప్పట్లు. వాకిట్లో ఇనప డ్రమ్ము, కిరసనాయిలు డబ్బా సిద్ధంగా ఉన్నాయి. నా ఒళ్ళు మండిపోయింది. బెంచీ ఎక్కి నీ పుస్తకం తీసి గట్టిగా చదివాను: "పాట ఎవరి చేతిలోనూ పొట్లం పెట్టదు. బాధలో ఉన్నవాడు తన బాధకి సరిపోయే పాట వెతుక్కుంటాడు. కాలు విరిగినవాడి చేతిలో కర్ర చూసి, ఈ కర్రే కాలు విరగ్గొట్టింది అంటామా?"

"దిగరా కిందికి" అన్నాడు హెడ్మాస్టరు. "పొట్లాలు అమ్మేవాడు మీ బజారులోనే బల్ల వేసుకుని కూర్చున్నాడు. వాడి దగ్గరికి పదండి, క్యాసెట్లతో మీకేం పని?" అన్నాను. ఎవరూ కదల్లేదు. ఎవరో నా చొక్కా పట్టి లాగారు, జేబు చిరిగింది. అమ్మ అది కుడుతూ, "మీ పిన్ని పుస్తకాలు రాస్తుంది, నువ్వు చొక్కాలు చింపుకొస్తావు, కుట్టేది మాత్రం నేను" అంది.

క్యాసెట్లు తగలబెట్టలేదు. గెలిచినట్టే కదా?

అన్నయ్య సంగతి అడిగావు. హోటల్ వాళ్ళు పనిలోంచి మానిపించేశారు. భోజనాల హాల్లో వాయిస్తూ వాయిస్తూ కుర్చీలోనే నిద్రపోయాడట. క్లారినెట్ ఒళ్ళోంచి జారి నేలమీద పడితే తప్ప మేనేజరుకి తెలియలేదు. ఆ హోటల్ బల్లగుడ్డలు మా లాండ్రీకే వస్తాయి. ఇదివరకు వాటిని ఉతుకుతుంటే, రాత్రి అన్నయ్య పాట వీటి మీద పడి ఉంటుంది అనిపించేది. ఇప్పుడు మరకలే కనిపిస్తున్నాయి.

మత్తుపొడి మానలేదు. అడిగితే, "మానేస్తాన్రా, నువ్వు అరవడం మానెయ్ ముందు" అంటాడు.

నీ
అగ్గిపుల్ల


ఆసుపత్రి, పాత భవనం, మెట్ల పక్క గది

ఒరేయ్ అగ్గిపుల్లా,

నువ్వు బెంచీ ఎక్కి నా పుస్తకం చదివావని తెలిసి ముందు నవ్వాను, తర్వాత కొంచెం భయపడ్డాను. నేను ఈ గదిలో కూర్చుని ఒక్కొక్కళ్ళతో గొంతు తగ్గించి చెప్పే మాటలు, నీ నోట్లోంచి ఎలా వచ్చాయో ఊహించుకోగలను. చిన్న పుస్తకానికి ఓ జబ్బుందిరా. అందులో పట్టని సంగతులు బయటే నిలబడిపోతాయి. ప్రెస్సాయన ఇన్ని పేజీలే అంటాడు. నేనేమో "కానీ", "అయితే" అనే మాటలన్నీ కొట్టేసి ఇస్తాను.

రెండో పుస్తకం పంపుతున్నాను. మొదటి దాంట్లో పాట నేరం చేయలేదని రాశాను. దీంట్లో ఇంకో మాట రాశాను. పాటకీ పొడికీ స్నేహం కుదురుతుంది. ఒకే పాట వింటూ రోజూ పొడి తీసుకునేవాడికి కొన్నాళ్ళకి ఆ పాట బడిగంట లాంటిదవుతుంది. గంట మోగితే ఆకలి లేని పిల్లాడికి కూడా ఆకలేస్తుంది చూడు, అలాగ. మానాలనుకున్నవాడు ముందు ఆ గంటకి దూరంగా జరగాలి.

మీ అన్నకి క్లారినెట్ కొనిచ్చింది నేనే. వాడప్పుడు దానికంటే పెద్దగా పొడుగుండేవాడు కాదు. మొదటి వారమంతా బాతు అరిచినట్టు అరిపించాడు. మీ అమ్మ నన్ను తిట్టని తిట్టు లేదు. ఆ రోజుల్లో తిట్లు ఎంత తేలిగ్గా ఉండేవి!

ఇక్కడ మత్తు మాన్పించే మా వార్డులో వాడికో మంచం కోసం అడుగుతున్నాను. ఖాళీ లేదు, జాబితాలో పేరు రాయించాను. వాడితో అరవకు. పక్కన కూర్చో, అంతే.

మీ
పిన్ని


లాండ్రీ, బాయిలర్ గది

పిన్నీ,

రెండో పుస్తకం బాయిలర్ దగ్గర నిలబడే చదివేశాను. నీళ్ళు మరిగి ఆవిరి బుస్సుమంటున్నా వినపడలేదు, మేస్త్రీ వచ్చి మొట్టికాయ వేశాడు. బడిగంట! ఎంత మాట అన్నావు పిన్నీ. కళ్ళెదురుగా రోజూ జరుగుతున్నది ఇదే, నాకు తెలియలేదు.

చెప్తాను విను. అన్నయ్య దగ్గర ఓ క్యాసెట్ ఉంది. వాళ్ళ బృందం అంతా ఓ రోజు రిహార్సల్ గదిలో సరదాగా రికార్డు చేసుకున్నది. మొదట్లో అన్నయ్య దగ్గు, డ్రమ్స్ ఆయన నవ్వు, తర్వాత క్లారినెట్ ఎత్తుకుంటుంది. పేరు కూడా లేని పాట. ఒకవైపే ఉంటుంది. రెండో వైపు ఏముందని అడిగితే, "ఏం లేదురా. ఖాళీ. బాగయ్యాక దానిమీద కొత్తది వాయిస్తా" అన్నాడు ఒకసారి.

రోజూ మధ్యాహ్నం గది తలుపు వేసుకుంటాడు. ఆ క్యాసెట్ పెడతాడు. దగ్గు వినపడగానే అమ్మ చేతిలో కాలరు వదిలేస్తుంది. ఫ్యాక్టరీ వాళ్ళిచ్చిన చొక్కా కాలర్లు కుడుతూ ఉంటుంది కదా, సూది అలాగే గుడ్డలో ఆగిపోతుంది. పాట అయిపోయేదాకా కుట్టదు. కళ్ళు తుడుచుకోదు కూడా. మొన్న నేను కిటికీ సందులోంచి చూశాను. పాట మొదలవగానే అన్నయ్యకి చెమట పట్టింది, చేతులు వణికాయి. పొట్లం ఇంకా విప్పనే లేదు! నువ్వు రాసిన గంట అదే. అచ్చం అదే.

సూటిగా ఒక ప్రశ్న. ఒకడున్నాడు అనుకో. వాడికి గంట కొట్టే పాట ఏదో తెలుసు. ఇంట్లోవాళ్ళు ఆ గంట తీసేస్తే సగం రోగం కుదిరినట్టేనా? అవునో కాదో ఒక్క ముక్క రాయి. కానీలూ అయితేలూ వద్దు.

అగ్గిపుల్ల


ఆసుపత్రి

ఒరేయ్,

ఇప్పుడే ఏమీ తీయకు. ఏదీ దాచకు, పారేయకు. అలా దూరం జరగడం వాడంతట వాడు, ఇక్కడ వార్డులో మా కళ్ళముందు చేయాల్సిన పని. ఇంట్లో మీరు చేసేది కాదు. మంచం దొరకగానే కబురు చేస్తాను. ఇక్కడ సెలవిస్తే నేనే వస్తాను. అంతవరకు ఎలా ఉన్నది అలా ఉండనీ. ఎందుకని అడగకు, వచ్చినప్పుడు చెప్తాను.

పిన్ని


ఇల్లు, ముందు గది

పిన్నీ,

ఎందుకని అడగకు! ఈ మాట అనడానికి హెడ్మాస్టరు ఉన్నాడు, నువ్వెందుకు? పుస్తకంలో "గంటకి దూరంగా జరగాలి" అని అచ్చు వేయిస్తావు, ఉత్తరంలో "ఏమీ తీయకు" అంటావు. ఊళ్ళోవాళ్ళకో మాట, ఇంట్లోవాళ్ళకో మాటా? మంచం ఖాళీ అయ్యేదాకా చేతులు కట్టుకు కూర్చోవాలా? మంచం ఎప్పుడు ఖాళీ అవుతుంది, దానిమీదివాడు పోతేనా?

నేను కూర్చోలేదు. సాయంత్రం పని దిగగానే నీ పుస్తకం పట్టుకుని ఇళ్ళకి వెళ్తున్నాను. పైవీధిలో టైర్ల కొట్టువాళ్ళ అబ్బాయి, మలుపులో మంగలాయన తమ్ముడు, ఇంకా కొందరు. ఒక్కో ఇంట్లో అడుగుతాను, "మీవాడు ఏ పాట వింటూ తీసుకుంటాడు?" అని. తల్లులకి తెలుసు పిన్నీ! టక్కున చెప్తారు. డాక్టర్లెవరూ వాళ్ళనీ ప్రశ్న అడగలేదట. "తీసేయండి, ముందు ఆ గంట తీసేయండి" అని చెప్తున్నాను. ఒకావిడ నా చెయ్యి పట్టుకుని ఏడ్చింది. "ఇన్నాళ్ళకి చేయడానికో పని చెప్పావు నాయనా" అంది. నీ పుస్తకం ఏం చేస్తుందో నీకే తెలియదు.

మా ఇల్లు ప్రశాంతంగా ఉంది. అమ్మ మధ్యాహ్నాలు ఆగకుండా కుడుతోంది.

అగ్గిపుల్ల


ప్రభుత్వ ఆసుపత్రి, వరండా

పిన్నీ,

అన్నయ్య ఇక్కడ ఉన్నాడు. బతికే ఉన్నాడు. ముందు అది చదువుకో.

మధ్యాహ్నం నేను బల్లగుడ్డలు పిండుతున్నాను. కింది వాటా దర్జీ, మెడలో కొలత టేపు వేలాడుతుండగానే పరిగెత్తుకొచ్చాడు. మా ఇళ్ళ వెనక అందరికీ కలిపి ఒక స్నానాల గది ఉంది కదా, దాని తలుపు కిందనుంచి నీళ్ళు వాకిట్లోకి వస్తున్నాయట. కొళాయి ఎవరు వదిలేశారని తిట్టుకుంటూ వెళ్ళి తట్టాడట. పలకలేదు. గొళ్ళెం విరగ్గొట్టారు. అన్నయ్య గోడకి ఆనుకుని కూర్చుని ఉన్నాడు. పెదాలు నీలంగా. నేను వెళ్ళేసరికి అమ్మ వాడి ముఖాన్ని రెండు చేతుల్లో పట్టుకుని, "ఊపిరి తీసుకోరా, ఒక్కటి తీసుకో, నాకోసం ఒక్కటి" అని బతిమాలుతోంది. నేను అరిచాను పిన్నీ. అంతకంటే ఏం చేయాలో తెలియక వాడి మీద అరిచాను.

ఇక్కడ డాక్టరు సూది వేశాడు, ఊపిరి వచ్చింది. "ఎక్కువ తీసుకున్నాడు" అన్నాడు. అన్నయ్య కళ్ళు తెరిచాక నేనడిగాను. "లేదురా, ఒట్టు. ఎప్పటిదే. ఎప్పటికంటే తక్కువే, డబ్బుల్లేవుగా" అన్నాడు. పొట్లంలో ఇంకా మిగిలే ఉంది, దర్జీ తెచ్చి చూపించాడు. కొన్న చోటు కూడా ఎప్పటిదే. డాక్టరు నమ్మలేదు. "వీళ్ళంతా ఇలాగే చెప్తారు" అని పక్క మంచం దగ్గరికి వెళ్ళిపోయాడు.

నేను నమ్ముతున్నాను. అన్నయ్య పొడి గురించి అబద్ధాలాడతాడు. కానీ అలా నా చిటికెన వేలు పట్టుకుని అబద్ధం ఆడడు.

మరి ఎప్పటిదే తీసుకుంటే ఇలా ఎందుకైంది? నువ్వు చదువుకున్నదానివి. చెప్పు.

నీ
అగ్గిపుల్ల


ఆసుపత్రి

నాన్నా,

నీ ఉత్తరం చదివి బయల్దేరబోయాను. వార్డులో ఒకావిడ పరిస్థితి బాగాలేదు, కదలనివ్వలేదు. అందుకే ఇది రాస్తున్నాను. నేనడిగేవాటికి దాపరికం లేకుండా జవాబు రాయి. వాడు రోజూ గదిలోనే తీసుకునేవాడు కదా, ఆ రోజు స్నానాల గదికి ఎందుకు వెళ్ళాడు? ఆ క్యాసెట్ ఆ రోజు పెట్టుకున్నాడా? అసలది ఇంట్లో ఉందా?

ఎందుకు అడుగుతున్నానో ఈసారి చెప్తాను.

పాట మొదలవగానే వాడికి చెమట పట్టి చేతులు వణికాయని రాశావు. మేం దాన్ని కోరిక అంటాం. అది కోరికే, కానీ ఒక్క కోరికే కాదు. పొడి ఊపిరిని నెమ్మది చేస్తుంది. రోజూ అదే గదిలో, అదే పాట మధ్య తీసుకునేవాడి ఒంటికి, ఆ పాట వినగానే ఏం రాబోతోందో తెలిసిపోతుంది. వచ్చేదాన్ని తట్టుకోవడానికి ముందే నడుం బిగించుకుంటుంది. వాన వస్తుందని తెలిసినవాళ్ళు కిటికీలు వేసుకున్నట్టు. ఆ వణుకు ఒళ్ళు కిటికీలు వేసుకుంటున్న చప్పుడు. పాట లేకుండా, అలవాటు లేని చోట తీసుకుంటే ఒంటికి కబురు అందదు. అదే పొడి, అంతే పొడి. కానీ కిటికీలన్నీ తెరిచి ఉంటాయి.

ఇలాంటివాళ్ళు మా వార్డుకి వచ్చారు. "ఎప్పటిదే తీసుకున్నాను" అనేవాళ్ళు. అందరూ అబద్ధం అనుకున్నవాళ్ళు. మేం చదివే పరిశోధనల్లో కూడా ఈ మాట ఉంది. మీవాడి విషయంలో ఇదే కారణమని నేను ప్రమాణం చేసి చెప్పలేను. కాదని కూడా చెప్పలేను.

రాయి.

పిన్ని


ప్రభుత్వ ఆసుపత్రి, మెట్లు

క్యాసెట్ తీసేసింది నేనే.

నిన్ను అడుగుతూ ఉత్తరం రాశానే, అప్పటికే తీసేశాను. నీ జవాబు కోసం అడగలేదు, మెచ్చుకుంటావని అడిగాను. లాండ్రీలో ఎవరూ తీసుకెళ్ళని బట్టల అర ఒకటి ఉంది. యజమానులు ఊరు వదిలి పోయినవి, చచ్చిపోయినవి, మర్చిపోయినవి. అక్కడో పాత ఓవర్‌కోటు జేబులో పెట్టాను.

స్నానాల గదికి ఎందుకు వెళ్ళాడో నిన్న అడిగాను. "గదిలో కూర్చోలేకపోయాన్రా. చప్పుడు లేకపోతే గోడలు దగ్గరికొస్తున్నట్టుంది. అక్కడైతే కొళాయి చప్పుడు ఉంటుందని వెళ్ళాను" అన్నాడు.

నువ్వెందుకు రాయలేదు పిన్నీ? "ఏమీ తీయకు, ఎందుకని అడగకు" అన్నావు. ఆ కిటికీల ముక్క అప్పుడే రాస్తే పోయేదేంటి? కాగితం చాల్లేదా? పుస్తకంలో ఎందుకు వేయలేదు? ప్రెస్సాయనకి ఇంకో పేజీ డబ్బులు మేమిచ్చేవాళ్ళం, వీధంతా చందాలేసుకుని ఇచ్చేవాళ్ళం! మొదటి పుస్తకంలో పాటని కర్ర అన్నావు. రెండో దాంట్లో గంట అన్నావు. నేను గంట అనుకుని కాలు విరిగినవాడి కర్ర లాక్కున్నాను.

అమ్మకి చెప్పాను. కొడుతుందనుకున్నాను. కొట్టలేదు. "కొండనాలుకకి మందేస్తే ఉన్న నాలుక ఊడిందంటారు, అదేనా ఇది?" అని అడిగింది, నిజంగానే నాకేమైనా తెలుసేమో అన్నట్టు.

ఇంకో సంగతి. నేను చెప్పిన ఇళ్ళు. గుర్తుందా, తల్లులు టక్కున చెప్తారని గొప్పగా రాశానే. నిన్న పరిగెత్తాను. టైర్ల కొట్టు ఆవిడకి, "అమ్మా, ఆ టేపు మళ్ళీ ఇచ్చేయండి" అన్నాను. "మొన్న తీసేయమన్నావు, ఇవాళ ఇచ్చేయమంటున్నావు, నీకేమైనా పట్టిందా? వెళ్ళు, మా వాడు ఇప్పుడిప్పుడే దారికొస్తున్నాడు" అని తలుపేసింది. "మీవాడు తీసుకోవడం మానకపోతే..." అని తలుపుకి చెప్పాను. తర్వాత ఏం చెప్పాలి? "వాడు పొడి తీసుకునేటప్పుడు పాట తప్పకుండా పెట్టండి" అనాలా? ఏ తల్లి వినగలదు ఆ మాట? మంగలాయన ఇంట్లో అయితే క్యాసెట్ ఎప్పుడో పొయ్యిలో పడేశారు.

నాకు నీమీద కోపంగా ఉంది. నామీద ఉన్నంత లేదు. దాన్నే నీమీదికి తోస్తున్నాను, పట్టుకో.


ఆసుపత్రి, మెట్ల పక్క గది

నాన్నా,

పట్టుకున్నాను. అది నాదే, నీకెలా చేరిందో కూడా నాకు తెలుసు.

పుస్తకంలో ఎందుకు వేయలేదని అడిగావు. రాశాను, కొట్టేశాను. ఈ ముక్క చదివినవాడు, "ఓహో, పాట పెట్టుకుంటే క్షేమం అన్నమాట" అనుకుంటాడేమోనని భయమేసింది. క్షేమం కాదురా. పాట ఉన్నప్పుడు పోయినవాళ్ళూ ఉన్నారు. చెబితే ఒకలా చస్తారు, చెప్పకపోతే ఇంకోలా చస్తారు. ఆ రెండిట్లో ఏది తక్కువో లెక్క తెలియక, పేజీలు చాలవన్న ప్రెస్సాయన మాట పట్టుకుని తప్పించుకున్నాను. నీ ఉత్తరానికి జవాబు రాసేటప్పుడు కూడా అదే భయం. నువ్వు దాన్ని బెంచీ ఎక్కి చదువుతావని. నిన్ను పెంచినదాన్ని, నువ్వు "వద్దు" అన్నదానికి ఎదురు తిరుగుతావని నాకు తెలియాల్సింది.

నువ్వు తిరిగిన ఇళ్ళ సంగతి. ఆ డాక్టరు వేసిన సూదిమందు ఇక్కడి అంబులెన్సు వాళ్ళ దగ్గర ఉంటుంది. మీ దగ్గర ఉంటుందో లేదో కనుక్కుని, ఎవరిని పిలవాలో ప్రతి ఇంటికీ చెప్పు. ఒంటరిగా తలుపు గడియ పెట్టుకోనివ్వొద్దని చెప్పు. పెదాలు నీలమైతే అరవడం కాదు, పక్కకి తిప్పి పడుకోబెట్టి అంబులెన్సు కోసం మనిషిని పంపమని చెప్పు. తలుపు వేసినా తలుపుకే చెప్పు. నాకు తెలిసింది ఇంతే. ఇన్నేళ్ళు చదివి ఇంతేనా అంటావు. ఇంతే.

మంచం గురించి రోజూ అడుగుతున్నాను. నా సొంత అక్క కొడుకని చెప్పాను. జాబితాలో ఉన్నవాళ్ళంతా ఎవరో ఒకరి కొడుకులే అన్నారు. నిజమే.

పెద్దాడిని అడిగానని చెప్పు. ఏమని అడిగానో నువ్వే ఏదో ఒకటి కల్పించి చెప్పు.

పిన్ని


ఇల్లు, ముందు గది

పిన్నీ,

అన్నయ్య ఇంటికొచ్చాడు. మెట్లు ఎక్కడానికి నా భుజం పట్టుకున్నాడు. "చిన్నప్పుడు నిన్ను ఎత్తుకుని ఎక్కేవాడిని, ఇప్పుడు చూడు, వడ్డీతో వసూలు చేస్తున్నా" అన్నాడు. నువ్వు అడిగావని చెప్పాను. బాతు ఎలా ఉందని అడిగిందన్నాను. చాలాసేపు నవ్వాడు. నవ్వాక అలసిపోయాడు.

క్యాసెట్ సంగతి చెప్పేశాను. "నువ్వా? అమ్మ అనుకున్నాన్రా. అందుకే అడగలేదు" అన్నాడు. తిట్టలేదు. తిడితే బాగుండేది.

తెచ్చిచ్చాను. ఆ బట్టల అర వెనకే ఆవిరి గొట్టం పోతుంది. అది నాకు తెలుసు, రోజూ చెయ్యి కాల్చుకునేవాడిని. క్యాసెట్ పెట్టేటప్పుడు మాత్రం గుర్తు రాలేదు. వేడికి లోపలి టేపు సాగింది. పాట కొంచెం నెమ్మదిగా, కిందికి జారినట్టు వస్తోంది. దగ్గు కూడా ఎవరో ముసలాయన దగ్గులా ఉంది. అన్నయ్య చెవి దగ్గర పెట్టుకుని విన్నాడు. "క్లారినెట్‌కి జలుబు చేసిందిరా" అన్నాడు.

పిన్నీ, ఇది అన్నయ్య ఒంటికి ఆ పాటేనా? వేరే పాటా? కిటికీలు వేసుకుంటుందా, వేసుకోదా? నీకు తెలియదని తెలిసే అడుగుతున్నాను. ఇంకెవర్ని అడగను?

ఇళ్ళకి మళ్ళీ వెళ్తున్నాను. నువ్వు చెప్పిన నాలుగు మాటలు మా మేస్త్రీతో రాయించాను, ఆయన రాత గుండ్రంగా ఉంటుంది. టైర్ల కొట్టు ఆవిడ తలుపు తీయలేదు, కాగితం తలుపు కిందనుంచి తోశాను. మళ్ళీ బయటికి తోసేసింది. మళ్ళీ తోశాను. మూడోసారికి అది లోపలే ఉండిపోయింది.

ఇప్పుడు మధ్యాహ్నం. లాండ్రీకి వెళ్ళలేదు. అన్నయ్య గదిలోకి వెళ్ళాడు. గడియ మాత్రం అమ్మ ఊడదీయించేసింది, తలుపు దగ్గరగా వేసి ఉంది. లోపల వింటున్నాడో, తీసుకుంటున్నాడో తెలియదు. "తీసుకోను" అన్నాడు. "చూస్తా" అని కూడా అన్నాడు. లోపలికి వెళ్ళి కూర్చుంటే లేచి ఇంకెక్కడికో పోతాడు, వెళ్ళకపోతే ఇదిగో, ఇలా. ముందు నుయ్యి, వెనక గొయ్యి. నేను తలుపు పక్కన స్టూలు మీద కూర్చుని నీకు రాస్తున్నాను. అమ్మ ఎదురుగా కాలర్లు కుడుతోంది. ఇదివరకు దగ్గు వినపడితే సూది ఆగేది. ఇప్పుడు పాట వస్తున్నంతసేపూ కుడుతుంది. ఇన్నాళ్ళూ ఆపరా అని ఏడ్చిన పాటే. మధ్యలో స్వరం కాస్త సాగితే చాలు, తలెత్తి నా వంక చూస్తుంది.

పాట ఆగింది.

అమ్మ లేచి నిలబడింది. ఒళ్ళోని కాలర్లన్నీ కింద పడ్డాయి. నేను తలుపు తట్టాను.

"ఏంట్రా, రెండో వైపు తిప్పుతున్నా" అన్నాడు లోపల్నుంచి.

మీట నొక్కిన చప్పుడు వినపడింది. అమ్మ కూర్చుంది. కాలర్లు ఏరుకుని, సూదిలో మళ్ళీ దారం ఎక్కిస్తోంది.

ఆవైపు ఏమీ లేదు పిన్నీ. ఖాళీ టేపు గరగర తప్ప. అమ్మకి ఆ సంగతి తెలియదు, పాట మొదలవుతుందని చూస్తోంది. నేనూ తలుపుకి చెవి ఆనించి వింటున్నాను.

నీ
అగ్గిపుల్ల